గోల్ కొట్టనివాడి దారి



కలకత్తా ఫుట్‌బాల్ గురించి చెప్పమంటే ఎవరైనా గోల్ కొట్టినవాళ్ల దగ్గరే మొదలుపెడతారు. చుని గోస్వామి, పి.కె. బెనర్జీ, మన అమ్ముగూడ నుంచి వెళ్లిన తులసీదాస్ బలరామ్, మన హైదరాబాద్ హబీబ్. వాళ్ల గురించి ఎంత చెప్పినా తనివి తీరదు, నిజమే. కానీ ఈరోజు నేను గోల్ పడకుండా చూసినవాళ్ల గురించి మాట్లాడదామని వచ్చాను.

వాళ్లకు రేడియో పెద్దగా మేలు చేయలేదు. ఆకాశవాణి కలకత్తా కేంద్రంలో అజయ్ బసు, కమల్ భట్టాచార్య, పుష్పేన్ సర్కార్ బెంగాలీలో వ్యాఖ్యానం చెబుతుంటే ఊరు ఊరంతా ట్రాన్సిస్టర్ల చుట్టూ మూగేది. వ్యాఖ్యాత మాట బంతి వెంటే పరిగెత్తాలి కదా. వెనక నిలబడ్డ బ్యాక్ కాళ్ల దగ్గర బంతి ఉండేది ఆటలో చాలా కొద్దిసేపు. మిగతా సేపంతా అతను చూస్తుంటాడు, జరుగుతుంటాడు, పక్కవాడిని కేకేసి చోటు మార్చుకోమంటాడు. అదేదీ రేడియోలో వినపడదు. అతని పేరు వినపడేది బంతిని దూరంగా తన్నేసినప్పుడు, లేదా తప్పు చేసినప్పుడు. అందుకే నిజంగా గొప్ప బ్యాక్ ఆడిన మ్యాచ్‌లో అతని పేరు తక్కువగా వినపడుతుంది.

ఇలాంటి ఆటగాడి జీవితం ఎలా సాగుతుంది? గోల్స్ లెక్క లేనివాడిని క్లబ్బు ఏం చూసి తీసుకుంటుంది? కాళ్లు సహకరించని వయసు వచ్చాక అతనేం చేస్తాడు? ఈ ప్రశ్నలకు జవాబుగా నాకు గుర్తొచ్చే పేరు సయ్యద్ నయీముద్దీన్. 1944లో హైదరాబాద్‌లో పుట్టారు. కలకత్తాలో ఈస్ట్ బెంగాల్, మోహన్ బగాన్, మొహమ్మడన్ స్పోర్టింగ్ మూడింటికీ ఆడారు. భారత జట్టుకు కెప్టెన్ అయ్యారు. ఆ తర్వాత అంతకంటే ఎక్కువ కాలం కోచ్‌గా పనిచేశారు.

ఆయన దారి ఎక్కడ మొదలైందో తెలియాలంటే ముందు ఇంకో సయ్యద్ గురించి చెప్పుకోవాలి. సయ్యద్ అబ్దుల్ రహీమ్. అందరికీ రహీమ్ సాబ్. కాచిగూడ మిడిల్ స్కూల్లో, చాదర్‌ఘాట్ హైస్కూల్లో పాఠాలు చెప్పిన మనిషి. 1950లో హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టును చేతిలోకి తీసుకున్నారు. ఆ ఏడాదే డ్యూరాండ్ కప్పు ఫైనల్లో ఆ జట్టు మోహన్ బగాన్‌ను ఓడించింది. బొంబాయిలో జరిగే రోవర్స్ కప్పును 1950 నుంచి 1954 వరకు వరసగా అయిదుసార్లు గెలిచింది. కలకత్తా క్లబ్బుల పెద్దలు హైదరాబాద్ వైపు చూడడం అప్పటి నుంచి బాగా ఎక్కువైంది. ఓడించినవాళ్లను కొనుక్కోవడం వాళ్ల పాత అలవాటు.

రహీమ్ సాబ్ ఏం నేర్పారు? బంతిని ఒక్క తాకుతో పక్కవాడికి అందించడం నేర్పారు. బలంలేని కాలితో ఆడడం నేర్పారు. ఎడమ కాలు బలహీనంగా ఉన్నవాడు ఎడమ కాలితో మాత్రమే తన్నాలని నియమం పెట్టి, ప్రత్యేకంగా పోటీలు నడిపేవారట. ఇది ముందువరస ఆటగాడికి ఎంత ఉపయోగమో, వెనకవరస వాడికి అంతకు రెట్టింపు ఉపయోగం. ఎందుకంటే తెలివైన వింగర్ మొదటి పది నిమిషాల్లోనే బ్యాక్‌కు ఏ కాలు రాదో కనిపెట్టేస్తాడు. మిగిలిన ఆటంతా అటువైపు నుంచే వస్తాడు.

ఇంకో పెద్ద మార్పు కూడా ఆయన తెచ్చిందే. 1952 హెల్సింకీ ఒలింపిక్స్‌లో మన జట్టు యుగోస్లావియా చేతిలో 10-1 తేడాతో ఓడిపోయింది. మనవాళ్లలో చాలామందికి కాళ్లకు బూట్లు లేవు. ఆ ఓటమి తర్వాత భారత జట్టు కోచ్‌గా రహీమ్ సాబ్ వెనకవరసను మళ్లీ మొదటి నుంచి ఆలోచించారు. ఇద్దరు బ్యాక్‌లు నిలబడి వచ్చిన బంతిని వచ్చినట్టు తన్నేసే పాత పద్ధతిని పక్కనపెట్టి, వెనక నలుగురు, మధ్య ఇద్దరు, ముందు నలుగురు అనే అమరికకు జట్టును మెల్లమెల్లగా మళ్లించారు. 1956 మెల్‌బోర్న్‌లో సెమీఫైనల్లో మళ్లీ అదే యుగోస్లావియా ఎదురైంది. ఈసారి 4-1. ఓటమే. కానీ పది నాలుగైంది, దేశం ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచింది. ఆ జట్టు వెనకవరసకు అజీజుద్దీన్, అహ్మద్ హుస్సేన్ హైదరాబాద్ నుంచే వెళ్లారు. అహ్మద్ హుస్సేన్ ఆ కాలంలో కలకత్తాలో కూడా ఆడినవాడు.

నలుగురు వెనక ఉన్నారంటే బ్యాక్ పని మారిపోతుంది. ఇద్దరే ఉన్నప్పుడు బలంగా తన్నగలిగినవాడే మొనగాడు. నలుగురున్నప్పుడు ఎవడు ముందుకెళ్లి అడ్డుకోవాలి, ఎవడు వెనక ఆగాలి, మధ్య స్టాపర్ కదిలితే అతను వదిలిన చోటులోకి ఎవడు రావాలి, ఇదంతా క్షణంలో తేలాలి. తేల్చేవాడు ఒకడుండాలి. ఆ ఒకడి నోటికీ బుర్రకూ కాళ్లతో సమానంగా పని పడుతుంది. నా ఉద్దేశంలో నయీముద్దీన్ తర్వాతి జీవితమంతా ఈ మార్పులోనే దాగి ఉంది. రహీమ్ సాబ్ 1963 జూన్‌లో క్యాన్సర్‌తో పోయేనాటికి నయీమ్‌కు పందొమ్మిదేళ్లు. ఆ నీడలో పెరిగిన చివరి తరమన్నమాట. ఆయన కూడా పోలీస్ జట్టులో ఆడి, 1960ల నడుమ కలకత్తా చేరారు.

హైదరాబాద్ నుంచి కలకత్తాకు రైలంటే బెజవాడ, రాజమండ్రి, వాల్తేరు, ఖరగ్‌పూర్ మీదుగా హౌరా. తెలుగువాళ్లకు ఆ దారి కొత్తదేం కాదు. రైల్వే పనులకు, రేవు పనులకు ఉత్తరాంధ్ర నుంచి ఎన్ని కుటుంబాలు ఖరగ్‌పూర్‌కూ కలకత్తా గార్డెన్ రీచ్‌కూ తరలిపోయాయో లెక్కలేదు. బెంగాల్ నాగ్‌పూర్ రైల్వే జట్టు, అందరూ బి.ఎన్.ఆర్ అనే జట్టు, ఆ గార్డెన్ రీచ్‌దే. 1964 ఆసియా కప్‌లో దక్షిణ కొరియా మీద భారత్ తరఫున గోల్ కొట్టిన అప్పలరాజు ఆ జట్టువాడు. పేరు వింటే చాలు, ఏ సీమ మూలమో మనకు ఎవరూ చెప్పనక్కర్లేదు. బలరామ్ కూడా ఈస్ట్ బెంగాల్ వదిలాక అదే రైల్వే జట్టుకు వెళ్లాడు. ఉద్యోగం ఉంటుంది కదా.

ఉద్యోగం అనే మాట దగ్గర కాస్త ఆగుదాం. ఆ రోజుల్లో ఆటగాడి జీవితం నిలబడింది దాని మీదే. రైల్వే, పోర్టు, బ్యాంకు, పోలీసు, కస్టమ్స్. పొద్దున ప్రాక్టీసు, ఆ తర్వాత ఆఫీసు, సీజన్లో సాయంత్రం మ్యాచ్. క్లబ్బు ఇచ్చే డబ్బు పైపైన. కలకత్తా బ్యాక్‌లలో అందరూ తలచుకునే శైలేన్ మన్నా జియొలాజికల్ సర్వేలో ఉద్యోగి. దాదాపు రెండు దశాబ్దాలు మోహన్ బగాన్‌కు ఆడి క్లబ్బు దగ్గర ఆట కోసం రూపాయి పుచ్చుకోలేదని ఆ ఊళ్లో గర్వంగా చెప్పుకుంటారు. 1951 ఢిల్లీ ఆసియా క్రీడల్లో స్వర్ణం గెలిచిన జట్టుకు ఆయనే కెప్టెన్, రహీమ్ సాబే కోచ్. మన్నా గురించి వినేటప్పుడు నాకు గౌరవంతో పాటు చిన్న అసూయ కూడా కలుగుతుంది. ఊరుగాని ఊరి నుంచి వచ్చి, గదికి అద్దె కట్టుకుని, ఇంటికి మనియార్డర్ పంపాల్సినవాడికి ఆ రకం వైరాగ్యం కుదరదు. హైదరాబాద్ కుర్రాళ్లు డబ్బుకోసం ఆడారని ఎవరైనా అంటే, మరి దేనికోసం ఆడాలి అని అడగాలనిపిస్తుంది. హబీబ్ ఆటే బతుకుగా పెట్టుకుని పూర్తిస్థాయి ప్రొఫెషనల్‌గా నిలబడితే, ఆ ఊరే తర్వాత అతన్ని నెత్తిన పెట్టుకుంది.

ఏటా సీజన్ ముందు క్లబ్బులు మారే రోజులొచ్చేవి. బెంగాలీలో దొల్‌బొదొల్ అంటారు. ఆ నాలుగు రోజులు కలకత్తాలో ఎన్నికల హడావుడి. నచ్చిన ఆటగాణ్ణి ఎదుటి క్లబ్బు ఎత్తుకుపోకుండా ఊరి బయట తోట ఇళ్లలో దాచిపెట్టడం, కారులో తీసుకొచ్చి నేరుగా అక్కడి ఫుట్‌బాల్ సంఘం ఐ.ఎఫ్.ఏ ఆఫీసులో సంతకం పెట్టించడం, బయట అభిమానులు కేకలు వేయడం, అంతా బహిరంగ రహస్యమే. ఈస్ట్ బెంగాల్ నుంచి మోహన్ బగాన్‌కు, అక్కణ్నుంచి మళ్లీ ఈస్ట్ బెంగాల్‌కు మారిన ఆటగాళ్లు బోలెడు. నయీముద్దీన్, హబీబ్ ఇద్దరూ అలా మారినవాళ్లే. స్థానిక కుర్రాడు అలా మారితే పాడాలో, అంటే తన పేటలో, తలెత్తుకోలేడు. బయటివాడికి కాస్త మన్నింపు ఉంటుంది. అయితే ఆ మన్నింపు మొదటి ఓటమి దాకానే.

ఇక బ్యాక్ అంటే ఆ ఊరు మనసులో ఎలాంటి మనిషి ఉంటాడో చూడండి. కలకత్తా మైదాన్ పక్కన, ఈడెన్ గార్డెన్స్ ఎదురుగా ఒక ఫుట్‌బాల్ ఆటగాడి విగ్రహం ఉంది. గోల్స్ కొట్టినవాడిది కాదు. గోష్ఠ పాల్ అనే బ్యాక్‌ది. 1896లో పుట్టినవాడు. బూట్లు వేసుకున్న బ్రిటిష్ సైనిక జట్ల ముందు వట్టి కాళ్లతో నిలబడి ఆడాడు. చైనా గోడ అని పేరు పడింది. 1962లో పద్మశ్రీ వచ్చింది. ఫుట్‌బాల్ ఆటగాళ్లలో ఆ గౌరవం అందుకున్న మొదటివాడు ఆయనే. తెల్లవాడు వస్తుంటే అడ్డంగా నిలబడ్డవాడు అన్న భావనతో ఆ ఊరు బ్యాక్‌ను ప్రేమించడం మొదలుపెట్టిందని నాకు అనిపిస్తుంది. ఆ తర్వాత మన్నా, ఆపైన జర్నైల్ సింగ్. దేశవిభజనలో అటునుంచి ఇటు వచ్చిన పంజాబీ. ఎత్తు, ఒడ్డు, మొండితనం అన్నీ ఉన్నవాడు. ఆయన విషయంలో ఒక విచిత్రం ఉంది. 1962 జకార్తా ఆసియా క్రీడల్లో తలకు దెబ్బ తగిలి కుట్లు పడ్డాయి. రహీమ్ సాబ్ ఆయన్ను స్టాపర్ చోటు నుంచి తీసి ముందువరసలో సెంటర్ ఫార్వర్డ్‌గా నిలబెట్టారు. సెమీఫైనల్లో గోల్ కొట్టాడు, ఫైనల్లో దక్షిణ కొరియా మీద ఇంకో గోల్ కొట్టాడు. 2-1తో స్వర్ణం మనదైంది. ఇప్పుడు జర్నైల్ పేరు చెబితే అందరూ ఆ రెండు గోల్స్ కథే చెబుతారు. పదేళ్లు ఆపిన గోల్స్ కథ ఎవరూ చెప్పరు. ఎలా చెబుతారు, పడని గోల్‌కు స్కోర్‌బోర్డులో చోటు లేదుగా.

నయీముద్దీన్ ఇలాంటి వరసలోకి వచ్చారు. వచ్చిన చోటు కూడా తేలికైంది కాదు. కలకత్తా లీగ్ జరిగేదే వానాకాలంలో. మే నెలలో దుమ్ములో మొదలై, జూలై ఆగస్టు నాటికి మైదాన్ మోకాలిలోతు కథలు చెప్పుకునేంత బురద అవుతుంది. హైదరాబాద్ గట్టినేల మీద బంతి దొర్లుతుంది, ఎంత దూరం వస్తుందో కళ్లతోనే కొలవచ్చు. ఇక్కడ వేగంగా వస్తున్న బంతి నీటిగుంట దగ్గర టక్కున ఆగిపోతుంది. దాని వెంట పరిగెత్తుతున్న స్ట్రైకర్ ఆగలేక దాన్ని దాటి రెండడుగులు ముందుకు జారిపోతాడు. తొందరపడి అతని మీదికి దూకిన బ్యాక్ కూడా అతనితో పాటే జారిపోతాడు. ఒక్క క్షణం ఓపిక పట్టినవాడికి మాత్రం బంతి ఒంటరిగా దొరుకుతుంది. తడిసి బరువెక్కిన తోలు బంతి. దాన్ని కాలి దగ్గరికి తెచ్చుకుని, బురదలోంచి ఎత్తి, మధ్యలో ఉన్న తనవాడికి పంపాలి. గుడ్డిగా తన్నితే గ్యాలరీ చప్పట్లు కొడుతుంది, కానీ బంతి మళ్లీ ఎదుటివాడికే పోతుంది. రహీమ్ బడి నుంచి వచ్చినవాళ్లు ఆ చప్పట్ల కోసం ఆడలేదనే చెబుతారు.

ఆటగాడిగా ఆయన మెట్టు 1970లో పైకెక్కింది. డిసెంబరులో బ్యాంకాక్‌లో ఆసియా క్రీడలు. కెప్టెన్ నయీముద్దీన్. హబీబ్, సుధీర్ కర్మకార్, సుభాష్ భౌమిక్, శ్యామ్ థాపా వంటివాళ్లు జట్టులో ఉన్నారు. కోచింగ్‌లో పి.కె. బెనర్జీ చెయ్యి ఉంది. మూడో స్థానం కోసం జరిగిన మ్యాచ్‌లో జపాన్‌ను 1-0తో ఓడించి కాంస్యం తెచ్చారు. ఒకే ఒక్క గోల్ తేడాతో పతకం గెలవాలంటే వెనకవరస ఎలా ఉండాలో ఊహించుకోండి. అప్పటి జపాన్ సామాన్యమైంది కాదు. అంతకు రెండేళ్ల ముందు మెక్సికో ఒలింపిక్స్‌లో కాంస్యం తెచ్చుకున్న దేశం. ఆ ఏడాదికి నయీముద్దీన్‌కు అర్జున అవార్డు వచ్చింది. ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో పురుషుల జట్టు ఆ తర్వాత ఇంతవరకు ఏ పతకమూ తేలేదు.

ఇక్కడ కాసేపు సముద్రం దాటి వెళ్దాం. ఫుట్‌బాల్ అంటే వేరే ఆటగా అర్థం చేసుకునే దేశం ఒకటుంది కదా, అమెరికా. శిరస్త్రాణాలు, భుజాలకు దిండ్లు, కోలగా ఉండే బంతి. ఆ ఆటలో ఆపడం అనేది పూర్తిగా వేరే ఉద్యోగం. బంతి మనదైనప్పుడు ఒక పదకొండుమంది, ఎదుటివాళ్లదైనప్పుడు ఇంకో పదకొండుమంది మైదానంలోకి దిగుతారు. రెండో పదకొండుమంది పనల్లా ఆపడమే. అందులో లైన్‌బ్యాకర్ అని ఒకడుంటాడు, ముందు నిలబడ్డ పర్వతాల లాంటి మనుషుల వెనక నిలబడి, బంతి ఎటుపోతుందో పసిగట్టి అటు దూకేవాడు. బ్రాండన్ చిల్లర్ అనే ఆటగాడు ఆ చోట్లో ఆడాడు. 1982లో లాస్ ఏంజెలిస్‌లో పుట్టాడు, తండ్రి భారతీయుడు. యు.సి.ఎల్.ఏ విశ్వవిద్యాలయ జట్టులో ఆడి, 2004 డ్రాఫ్ట్‌లో నాలుగో రౌండులో సెయింట్ లూయిస్ రామ్స్ జట్టుకు ఎంపికయ్యాడు. నాలుగు సీజన్ల తర్వాత గ్రీన్ బే ప్యాకర్స్‌కు మారాడు. 2010 సీజన్లో గాయపడి జాబితా నుంచి పక్కకు వెళ్లాల్సి వచ్చింది. 2011 ఫిబ్రవరిలో అతని జట్టు సూపర్ బౌల్ గెలిచినప్పుడు అతను ఆడలేదు. అదే ఏడాది జట్టు వదిలేసింది. అప్పటికి ముప్పై ఏళ్లు కూడా నిండలేదు. ఆ దేశంలో ఈ వృత్తి సగటు ఆయుష్షు మూడేళ్ల పైచిలుకేనని ఆటగాళ్ల సంఘమే చెబుతుంది. డబ్బు మాత్రం మన మైదాన్ కలలో కూడా చూడనంత.

చిల్లర్ కథ కలకత్తాకు ఎందుకొచ్చిందంటే, 2011లో ఆ అమెరికా ఆటను మన దేశంలో నడుపుదామని ఎలీట్ ఫుట్‌బాల్ లీగ్ ఆఫ్ ఇండియా అనే సంస్థ పుట్టింది. పెట్టుబడి పెట్టినవాళ్లలో చిల్లర్ ఒకడు. జట్లలో కోల్‌కతా వైపర్స్ అని ఒకటి, హైదరాబాద్ స్కైకింగ్స్ అని ఇంకొకటి ఉన్నాయి. తొలి సీజన్ 2012లో శ్రీలంకలో ఆడించారు, పుణె మరాఠాస్ గెలిచింది. అంతకుమించి ఊళ్లో చప్పుడు లేదు. కబడ్డీ, రగ్బీ ఆడే కుర్రాళ్లను తెచ్చి వారాల్లో తయారుచేస్తే జట్టు దొరుకుతుందేమో కానీ, ఓడితే అన్నం మానేసే గ్యాలరీ దొరకదు. ఇలిష్ చేప ధర ఈస్ట్ బెంగాల్ గెలుపుతో, రొయ్య ధర మోహన్ బగాన్ గెలుపుతో పెరిగే ఊరది.

మళ్లీ నయీముద్దీన్ దగ్గరికి వస్తాను. చిల్లర్‌కు ముప్పైలోపే ముగిసిన దారి, ఇక్కడ అదే వయసు తర్వాత రెండోసారి మొదలైంది. చేతికి విజిల్ వచ్చింది. వెనక నిలబడి పదేళ్లు ఆట మొత్తాన్ని కళ్లెదుట చూసినవాడికి అది అంత కొత్త పనిగా తోచి ఉండదు. 1990లో ఆయన కోచ్‌గా ఉన్న ఈస్ట్ బెంగాల్ ఒకే సీజన్లో ఐ.ఎఫ్.ఏ షీల్డ్, డ్యూరాండ్, రోవర్స్ మూడూ గెలిచింది. ఆ ఏడాదికే ద్రోణాచార్య అవార్డు వచ్చింది. ఫుట్‌బాల్ కోచ్‌లలో ఆ అవార్డు అందుకున్న మొదటివాడు ఆయనే. అర్జునుడూ ఆయనే, ద్రోణుడూ ఆయనే అని పత్రికలవాళ్లు సరదాపడ్డారంటే తప్పేముంది.

కోచ్‌గా ఆయనకు మంచిపేరు ఎంతో, కఠినుడన్న పేరూ అంతే. వేళ తప్పితే ఒప్పుకునేవారు కాదు, తిండి దగ్గర కూడా కన్ను వేసి ఉంచేవారు, ఒంటి దారుఢ్యం విషయంలో బేరం ఉండేది కాదు. స్టార్ ఆటగాళ్లకు ఈ పద్ధతి ఎప్పుడూ నచ్చదు. నాకు మాత్రం ఇందులో కోచ్ కంటే బ్యాక్ ఎక్కువగా కనిపిస్తాడు. ఫార్వర్డ్ తొమ్మిదిసార్లు తప్పి పదోసారి గోల్ కొడితే వీరుడు. బ్యాక్ తొమ్మిదిసార్లు ఆపి పదోసారి తప్పితే ద్రోహి. ఆ లెక్కలో పెరిగిన మనిషికి అవతలివాడి చిన్న అలసత్వం కూడా ప్రమాదంగానే తోస్తుంది. అది కొత్తతరం ఆటగాళ్లతో పొసగని సందర్భాలూ ఉన్నాయి, కోచ్ కుర్చీ దిగాల్సి వచ్చిన సందర్భాలూ ఉన్నాయి. 1970 కాలపు కొలతలతో 2000ల నాటి జట్టును నడపడం ప్రతిసారీ కుదిరింది కాదు. అయినా 1997లో కాఠ్మాండూలో దక్షిణాసియా కప్ గెలిచిన భారత జట్టుకు కోచ్ ఆయనే. 2005లో కరాచీలో గెలిచిన జట్టుకూ ఆయనే.

ఆ కరాచీ ఫైనల్లో భారత్ ఓడించింది బంగ్లాదేశ్‌ను, 2-0తో. రెండేళ్లు తిరిగాయో లేదో బంగ్లాదేశ్ తన జాతీయ జట్టును ఆ నయీముద్దీన్ చేతికే అప్పగించింది. దేశవిభజనలో ఢాకా, ఫరీద్‌పూర్, బరిశాల్ వదిలి కలకత్తా వచ్చినవాళ్లు తమ జట్టుగా చేసుకున్న ఈస్ట్ బెంగాల్‌కు ఒకప్పుడు ఆడిన హైదరాబాదీ, ఆ ఊళ్ల కుర్రాళ్లకే వెనకవరసలో ఎలా నిలబడాలో నేర్పడానికి ఢాకా వెళ్లారు.